మారు పలకని మాట

ముందే చెప్తున్నా... ఇది అల్లిన కథ కాదు. నేనే అల్లి ఉంటే దీనికి ఒక చివర పెట్టి ఉండేవాణ్ణి. దీనికి చివర లేదు. నా ఇద్దరు బిడ్డల మీద ఒట్టు పెట్టమన్నా పెడతాను. మా ఆవిడ మాత్రం ఒప్పుకోదు. "బిడ్డల మింద ఎందుకు, నీ బండి మింద పెట్టుకో పో" అంటుంది. సరే, బండి మీదే ఒట్టు. బండి లేకపోతే నాకు అన్నం లేదు. అంతకంటే పెద్ద ఒట్టు నాకు తెలియదు.

నవ్వండి. నేనూ నవ్వేవాణ్ణే. దయ్యాల కబుర్లు చెప్పేవాళ్లను చూస్తే నాకు ఒళ్లు మండేది. నా పని అలాంటిది మరి. సెల్ టవర్ల మెకానిక్‌ని. ఇల్లు ఎమ్మిగనూరులో. ఆదోని నుంచి కౌతాళం దాకా ఏ గుట్ట మీద టవరు మొరాయిస్తే ఆ గుట్ట ఎక్కాలి. అమావాస్య రాత్రులు ఎక్కాను. శ్మశానం పక్కన కూర్చుని క్యారియర్ విప్పుకుని తిన్నాను. పాములంటే భయపడ్డాను. కుక్కలంటే భయపడ్డాను. మా సూపర్‌వైజర్ అంటే ఇప్పటికీ భయమే. దయ్యాలంటే మాత్రం ఎన్నడూ లేదు.

ఆ రాత్రి దాకా.

ఊరి పేరు అడగొద్దు. కౌతాళం దాటి లోపలికి పోవాలి. కాలువ ఉంది గానీ నీళ్లు ఆ ఊరి దాకా రావు. అందుకే అక్కడ పత్తి తీతలు అయిపోగానే ఊరంతా సుగ్గికి పోతుంది. సుగ్గి అంటే తెలుసు కదా... కూలి పనులకు వలస. లారీలు మాట్లాడుకుని గుంటూరు వైపు మిరపకోతలకు పోతారు. పిల్లలు, బియ్యం మూటలు, కోళ్లు, అన్నీ ఆ లారీలోనే. మళ్లీ ఉగాదికే రావడం. ఇంటికి బీగం వేసి, గుమ్మానికి అడ్డంగా ఒక ముళ్లకంప పెట్టి పోతారు. కంప ఉందంటే లోపల మనిషి లేడని అర్థం.

నేను మొదటిసారి పోయినప్పుడు శివరాత్రికి ఇంకా రెండు వారాలుంది. సాయంత్రం నాలుగు. వీధి పొడుగునా బీగాలు, కంపలు. కోడి కూత లేదు. కుక్క కూడా లేదు... తిండి పెట్టేవాళ్లు లేక అవి కూడా పోయినట్టున్నాయి. ఆ నిశ్శబ్దానికి నేను బండి ఆపి ఒకసారి హారన్ కొట్టాను. ఎందుకు కొట్టానో నాకే తెలియదు.

వీధి చివర ఒక ఇంటికి కంప లేదు. అరుగు మీద ఒక అవ్వ కూర్చుని ఉంది. చేతిలో చిన్న నొక్కుడు ఫోను.

"నువ్వేనా టవరప్పా?" అంది.

"నేనే అవ్వా."

"నాలుగు దినాలాయ, నా ఫోన్ సచ్చిపోయి. దీపం పెట్టే యాలకు నా కొడుకు మాట్లాడతాడు. నాలుగు దినాలాయ వాని గొంతు ఇనక."

ఆమె పేరు తాయమ్మ. కొడుకు ఈరన్న, కోడలు, ఇద్దరు మనవరాళ్లు సుగ్గిలో ఉన్నారు. మోకాళ్లు పట్టేశాయని ఆమె ఊళ్లోనే ఉండిపోయింది. ఊళ్లో ఇంకొక మనిషి ఉన్నాడు. పీర్ల చావిడి పక్క గదిలో దస్తగిరి తాత. పూర్తిగా చెవుడు. పలకరిస్తే నవ్వుతాడు, అంతే. అంటే ఆ ఊళ్లో మాటకు మాట చెప్పే మనిషి అవ్వకు ఒక్కరూ లేరు. ఆ ఫోన్ తప్ప.

గుట్ట మీదికి పోయి చూశాను. టవరులో ఒక కార్డు కాలిపోయి ఉంది. అది కర్నూలు నుంచి రావాలి. దిగొచ్చి ఆ మాటే చెప్పాను. ఆమె లోపలికి పోయి జొన్నరొట్టె, చెనక్కాయల పొడి తెచ్చి నా చేతిలో పెట్టింది. నేను తింటుంటే ఎదురుగా కూర్చుని చూస్తూ ఉంది. ఎవరైనా తింటుంటే చూసి ఎన్నాళ్లయిందో.

"మీ ఊర్లో సిగ్నల్ ఉంటాది గదప్పా. నా కొడుక్కు ఒక ఫోన్ సెయ్. అమ్మ బాగుండాదని ఒక్క మాట సెప్పు."

నంబరు ఒక పాత క్యాలెండర్ వెనక రాసి ఉంది. నా ఫోన్‌లో ఎక్కించుకున్నాను. లేచి బండెక్కాను.

"వస్తానవ్వా" అన్నాను.

మా వైపు ఎవరూ "పోతా" అనరు. పోయేవాడు "వస్తా" అనాలి. "పోతా" అంటే ఇక తిరిగి రాడని. కన్నడం మాట్లాడేవాళ్లు కూడా అంతే, "బర్తీని" అంటారు. ఉండేవాళ్లు "మంచిది, రా" అని మారు పలుకుతారు. నోటికి అలవాటైన మాటలు. ఎవరూ వాటికి అర్థం వెతకరు.

అవ్వ మాత్రం అడిగింది.

"ఎప్పుడొస్తావప్పా?"

నా నలభై ఏళ్ల బతుకులో ఆ మాటకు ఆ ప్రశ్న ఎవరూ వేయలేదు. ఏం చెప్పాలో తెలియక "రేపొస్తా" అనేశాను.

ఆరు రోజులు పోలేదు.

కార్డు రాలేదు, అది నిజమే. ఇంకో మూడు టవర్లు పడుకున్నాయి, అదీ నిజమే. కానీ ఈరన్నకు ఫోన్ చేయడానికి నాకు ఏ కార్డూ అక్కర్లేదు. మరిచిపోయాను. దానికి ఇంకో పేరు పెట్టను.

ఆరో రోజు కార్డు చేతికొచ్చింది. బయలుదేరేసరికే పొద్దు వాలింది. ఊరు చేరేసరికి చీకటి పడుతోంది. అవ్వ అరుగు మీదే ఉంది. అదే చోట. ఆ రోజు సాయంత్రం నుంచి అక్కడే ఉందా అనిపించింది.

"వచ్చినావా! రేపొస్తానంటివి."

"పని మింద పని పడిండాదవ్వా."

ఆమె లోపలికి పోయి ఒక గంప తెచ్చి చూపించింది. ఎండిపోయిన జొన్నరొట్టెలు. ఆరు. రోజూ నాకోసం ఒకటి ఎక్కువ చేసి పెట్టింది. రాకపోతే ఎండబెట్టి దాచింది. నాకు తల కొట్టేసినట్టయింది.

"నా కొడుకు ఏమన్నాడప్పా?"

"బాగుండాడవ్వా. కోతలు బాగా నడుస్తాండాయంట. నిన్ను అడిగినానని సెప్పమన్నాడు" అన్నాను.

అబద్ధం. అంత సులువుగా వచ్చింది. ఆమె ముఖం చూడాల్సింది. ఆ చీకట్లో కూడా కనబడింది ఆ వెలుగు.

తన ఫోన్ నా చేతికిచ్చి, "నీ నంబరు గూడా దీంట్లో ఎక్కించు. నాకు అచ్చరాలు రావు" అంది. ఎక్కించాను. రెండు గట్టిగా నొక్కితే కొడుకు, మూడు నొక్కితే నేను. మూడుసార్లు చెప్పించుకుంది. మీ ఇల్లెక్కడ అని అడిగితే, ఎమ్మిగనూరులో సంత జరిగేచోట మా వీధి గుర్తులు కూడా చెప్పాను. బండి ఆమె వాకిట్లోనే పెట్టి, సంచి భుజాన వేసుకుని గుట్టకు నడిచాను.

పని అయ్యేసరికి తొమ్మిది దాటింది. టవరు పైన ఎర్రలైటు వెలిగింది. నా ఫోన్‌లో సిగ్నల్ గీతలు నిండాయి. దిగాను.

ఇక ఇక్కడినుంచి... నిదానంగా చెప్తాను. నాకు నిదానంగానే గుర్తుంది.

చంద్రుడు ఇంకా రాలేదు. వీధిలో లైట్లు లేవు. నా చేతిలో టార్చి. చెప్పుల చప్పుడు నాకే వినబడుతోంది... టప్... టప్... గాలి లేదు. ఒక్క ఆకు కదలడం లేదు. మొదటి ఇల్లు దాటాను. రెండో ఇల్లు.

మూడో ఇంటి దగ్గర...

"వస్తామత్తా..."

ఆడమనిషి గొంతు. గబగబా. తొందరలో ఉన్న గొంతు.

ఆగాను. ఎవరో వచ్చినట్టున్నారు అనుకున్నాను. టార్చి వేశాను. గుమ్మానికి కంప. ఎండిపోయి ఉంది. కంపకూ తలుపుకూ మధ్య సాలెగూడు... తెగలేదు. బీగం మీద దుమ్ము.

"ఎవరది?" అన్నాను.

ఏమీ లేదు.

దొంగలేమో అనుకున్నాను. ఖాళీ ఊరు కదా. నిజంగా దొంగలై ఉంటే ఎంత బాగుండేదో. నాలుగడుగులు వేశాను. ఎదురింట్లోంచి మగగొంతు.

"వస్తా పెద్దమ్మా... ఇల్లు జాగర్త..."

అక్కడా కంపే. అక్కడా బీగమే. ఎవరైనా ఫోన్ మరిచిపోయి పోయారా? ఫోన్ అయితే ఇన్నాళ్లు చార్జి ఉంటుందా? నా మెకానిక్ బుర్ర ఇంకా లెక్కలు వేస్తోంది. కాళ్లు మాత్రం ఆగిపోయాయి.

ఆ పక్కింట్లోంచి, "బర్తీని అజ్జీ..."

ఆ తర్వాత ఒక చిన్నపిల్ల. నాలుగేళ్లుంటాయేమో. మాటలు ఇంకా సరిగా తిరగలేదు.

"వత్తా జేజీ..."

ఆ గొంతుల్లో ఏడుపు లేదు. అరుపూ లేదు. లారీ హారన్ కొడుతుంటే, బీగం వేస్తూ, వెనక్కి తిరక్కుండా చెప్పే మామూలు మాట. మామూలుగా ఉండడమే నా వల్ల కాలేదు. వీధి రెండు పక్కలా... ఒక తలుపు తర్వాత ఒక తలుపు... వస్తాం... వస్తా... బర్తీని... వస్తామత్తా... టార్చి వెలుగు గోడల మీద గంతులు వేస్తోంది. పరిగెత్తాలని ఉంది. ఎటు పరిగెత్తినా తలుపులే.

అప్పుడు వీధి ఆ చివర ఒక దీపం కనబడింది.

అవ్వ. ఒక చేత్తో బుడ్డీ, ఇంకో చేత్తో కర్ర. ఒక్కో గుమ్మం దగ్గరా ఆగుతోంది. కంప దగ్గరికి వంగి మెల్లగా ఏదో అంటోంది. దగ్గరికి వచ్చేకొద్దీ వినబడింది.

"మంచిదిమ్మా, రాండి. పిల్లోళ్లు జాగర్త."

ఆమె ఆ మాట అనగానే ఆ ఇంట్లో గొంతు ఆగిపోయింది.

ఇంకో గుమ్మం. "మంచిదప్పా, రా." అది ఆగింది. ఇంకో గుమ్మం. అదీ ఆగింది. అలా ఒక్కో ఇంటినీ సద్దు మణచుకుంటూ నా దాకా వచ్చింది. చిన్నపిల్ల ఇంటి దగ్గర మాత్రం కొంచెంసేపు ఎక్కువ నిలబడింది. "రా తల్లీ, రా నా బంగారు. బిరిగ్గా రా" అంది.

తర్వాత నన్ను చూసింది. ఏమాత్రం ఆశ్చర్యపోలేదు.

"నీగ్గూడా ఇనబడిందా? అయితే నాకు మతి పోలే" అంది. అని, కళ్లు తుడుచుకుంది. పాపం, అప్పటిదాకా తనకు పిచ్చి పట్టిందేమో అని భయపడుతూ బతుకుతోంది ఆమె.

వాళ్లింటి అరుగు మీద కూర్చోబెట్టి నీళ్లిచ్చింది. చెంబు నా పళ్లకు తగిలి చప్పుడు చేస్తోంది.

"ఏందవ్వా అది?" అన్నాను.

"వాళ్లు లారీ ఎక్కిన పొద్దు నాకు జరమప్పా. ఒళ్లు తెలీకుండా పండుకోనుంటి. బీగాలేసి, కంపలు అడ్డం పెట్టి, ఆడాడ్నే నిలబడి కేకేసి సెప్పి పోయినారంట. ఈదికి పెద్దదాన్ని గదా నేను. ఒక్కరికీ మారు పలకలే. ఇంగ ఊర్లో ఉండేది దస్తగిరన్న. ఆయప్పకు పిడుగు పడినా ఇనబడదు. పొయ్యేవాళ్లు వస్తామంటే ఉండేవాళ్లు రాండి అనాల గదా? అనకపోతే ఆ మాట యాడికి పోతాది? ఈడనే ఉండిపోయింది."

"మరి నువ్వు ఇప్పుడు పలుకుతాండావు గదా?"

"ఆ పొద్దు పలకాల్సింది ఆ పొద్దే పలకాలప్పా. ఇప్పుడు పలికితే ఆ రాత్రికి సద్దుకుంటాయి, అంతే. మల్ల తెల్లారి రాత్రికి మొదులు." మెల్లగా మోకాలు నిమురుకుంది. "నేను లేకపోతే ఎవరు పలుకుతారు? అందుకే జరం తగ్గినాక నా కొడుకు ఫోన్ సేసి సుగ్గికి రమ్మన్నా పోలే. మోకాళ్లని సెప్తి వానికి."

కొడుకుతో కూడా చెప్పుకోలేదు. ఎలా చెప్తుంది? నేను మీకు చెప్తుంటేనే మీరు ఒకరి ముఖాలు ఒకరు చూసుకుంటున్నారు.

చెంబు కింద పెట్టాను. లేవబోయాను. అప్పుడు ఆమె చాలా మామూలుగా, రొట్టె ఉంది తింటావా అన్నట్టుగా అంది.

"నీది గూడా ఉండాదప్పా."

"ఏది?"

"నీ మాట. ఆ పొద్దు నువ్వు వస్తానంటివి. నేను రా అనల్యా. ఎప్పుడు అంటి. నా తప్పే అది."

"యాడుంది?" అన్నాను. నవ్వబోయాను. నవ్వు రాలేదు.

ఆమె తన గుమ్మం వైపు చూసింది. తలుపు తెరిచి ఉంది. లోపల చీకటి. నేనూ అటే చూశాను. ఎంతసేపు చూశానో తెలియదు. బుడ్డీ ఒకసారి రెపరెపలాడింది. ఎక్కడో కీచురాయి ఒకటి అరుస్తోంది... అది కూడా ఆగింది...

"వస్తానవ్వా."

నా గొంతు.

మీ గొంతు మీకు బయటినుంచి ఎప్పుడైనా వినబడిందా? ఫోన్‌లో రికార్డు చేసి వింటే కూడా మనది మనకు కొత్తగా ఉంటుంది కదా. అలా. నాదే. ఆ రోజు రొట్టె తిని బొంగురుపోయిన గొంతు. ఏ ప్రేమా లేని మాట. ఎలాగైనా అక్కణ్ణుంచి బయటపడాలని చూస్తున్న మాట. ఆ మాటను ఆమె ఆరు రాత్రులు ఒంటరిగా కూర్చుని విన్నది. నాకు భయం కంటే ముందు సిగ్గేసింది. ఆ తర్వాత భయం వచ్చింది... అది సిగ్గును కూడా మింగేసింది.

లేచాను. బండి దగ్గరికి పోయాను. తాళం చెవి తూట్లో పడటం లేదు. అవ్వ వెనకే వచ్చింది. రొట్టెలు మూటగట్టి ఇవ్వబోయింది. తీసుకోలేదు.

"ఏం సెప్పి పోతావప్పా?" అంది. నవ్వుతోంది. ఈసారి సరిగ్గా మారు పలకాలని తయారుగా నిలబడింది ఆమె.

నాకు ఆ మాట నోట్లోంచి తీయడానికి ధైర్యం చాలలేదు. మళ్లీ వస్తా అంటే ఇంకో మాట ఇక్కడ ఉండిపోతుంది. నా గొంతు ఇంకోటి ఈ చీకట్లో... వద్దు. అదొక్కటే నా బుర్రలో ఉంది. అందుకని...

"పోతాండానవ్వా" అన్నాను.

ఆమె నవ్వు ఆగిపోయింది. "అట్లనగూడదప్పా! మాట ఎనక్కి తీసుకో" అంటూ నా చెయ్యి పట్టుకోబోయింది. బండి స్టార్టయింది. విడిపించుకుని వచ్చేశాను.

పది గజాలు పోయానో లేదో వెనక ఆమె ఫోన్ మోగింది. పది రోజుల తర్వాత మొదటిసారి. "ఈరా... ఈరా... నేన్రా..." అంటోంది. ఆ ఒక్క మంచి పనైనా చేశాననుకుని, యాక్సిలేటర్ తిప్పాను.

మర్నాడు దీపాలు పెట్టేవేళ నాకు ఫోన్ వచ్చింది. తాయమ్మ అవ్వ నంబరు. ఎత్తలేదు. ఎత్తితే ఎప్పుడొస్తావప్పా అంటుంది. నేను చెప్పింది అబద్ధమని కూడా ఈపాటికి కొడుకు ఆమెకు చెప్పే ఉంటాడు. ఆ మర్నాడూ వచ్చింది. ఆ మర్నాడూ. మిస్డ్ కాల్ కాదు... చివరిదాకా మోగేది. మా ఆవిడ "ఎవరది, ఎత్తచ్చు గదా" అనేది. "కంపెనీ వాళ్లు" అనేవాణ్ణి. శివరాత్రి దాటింది. ఇంకా వస్తూనే ఉంది. తర్వాత ఒక రోజు రాలేదు.

హాయిగా ఉంటుందనుకున్నాను. ఉండలేదు. నాలుగు రోజులు చూసి, ఐదో రోజు పొద్దున్నే పోయాను. మంచి ఎండలో, కావాలనే.

అవ్వ ఇంటికి బీగం. గుమ్మానికి అడ్డంగా ముళ్లకంప. పచ్చిది, ఆకులు ఇంకా పూర్తిగా వాడలేదు.

దస్తగిరి తాత చావిడి గోడకు ఆనుకుని కూర్చుని ఉన్నాడు. చేతులతో సైగ చేసి అడిగాను. చెవిటివాళ్లు మాట్లాడినట్టే గట్టిగా చెప్పాడు.

"పోయింది! నాలుగు దినాలాయ. ఒక్కతే. సంచి పట్టుకోని. పొయ్యేముందర వాకిట్లో నిలబడి నాకు ఏందో సెప్పె. నోరు కదిలింది. నాకేం ఇనబడతాది? తలకాయ ఊపితి!"

నేను వెనక్కి నడిచి ఆమె గుమ్మం ముందు నిలబడ్డాను. పట్టపగలు. నెత్తిన ఎండ. కంప మీద తొండ ఒకటి కూర్చుని ఉంది. అది చటుక్కున దిగిపోయింది.

"ఎమ్మిగనూరు పోయొస్తా దస్తగిరన్నా..."

తలుపు వెనకనుంచి. మెల్లగా. ఆమె గొంతే.

"ఆ టవరు పిల్లోడు ఏమైనాడో... సూసొస్తా..."

మారు ఏం పలకాలో నాకు తెలుసు. ఊళ్లో ఆ మాట వినగలిగినవాణ్ణి నేనొక్కణ్ణే. మంచిదవ్వా, రా... అంతే. నోటి దాకా వచ్చింది. కానీ 'రా' అంటే రమ్మనే కదా. ఆమె బయలుదేరింది మా ఇంటికి. ఆమె బతికి ఉందో లేదో తెలియకుండా, రా అని ఎలా అనను? నోరు మూసుకుని బండెక్కాను.

రోడ్డెక్కాక ఈరన్న నంబరుకు ఫోన్ చేశాను. ఎప్పుడో చేయాల్సిన ఫోను. అమ్మ మీ దగ్గరికి వచ్చిందా అని అడిగాను.

"రాలే గదన్నా. నాలుగు దినాల్నుంచి ఫోన్ గూడా ఎత్తలే. నువ్వు ఎవురు?"

చెప్పాను.

"నువ్వేనా టవరన్న? బాగుండావా? మాయమ్మ దినమూ నిన్ను గురించే సెప్తాండె గదన్నా. ఆ పిల్లోడు పోతానని సెప్పి పోయినాడు రా, అనగూడని మాట అన్నాడు, ఇప్పుడు ఫోన్ ఎత్తడు, ఏమైనాడో ఏమో అని. నాకు నిద్ర పట్టదు, పోయి సూసొస్తా అంటాండె. వద్దు మా అంటి."

బండి పక్కన పెట్టి రోడ్డు మీద కూలబడ్డాను. తలుపు వెనక నేను విన్న మాట... ముందు విన్నాను, తర్వాత అతను చెప్పాడు. ఈ వరస ఒక్కటి మీరు గుర్తుపెట్టుకోండి. నేను ఊహించుకున్నాను అంటే మరి ఇది ఎలా ఊహించుకోను? నాకోసం ఎవరైనా ఊరు దాటి వస్తారని నేను కలలో కూడా అనుకోను.

ఈరన్న వచ్చాడు. బీగం పగలగొట్టాం. లోపల ఎవరూ లేరు. గూట్లో ఫోన్ ఉంది. తీసుకుపోలేదు. గంప నిండా ఎండురొట్టెలు. ఆరు కాదు, చాలా. పోలీసులకు చెప్పాం. ఎమ్మిగనూరు సంతవీధి అంతా ఫోటో పట్టుకుని తిరిగాం. ఆదోని బస్టాండులో చూశామని ఒకరన్నారు. మాధవరం దగ్గర ఏటి ఒడ్డున ఒక అవ్వ కూర్చుని ఉండిందని ఇంకొకరన్నారు. పోయి చూస్తే ఎవరూ లేరు. ఇప్పటికీ దొరకలేదు. శవం కూడా లేదు.

ఉగాదికి ఊరంతా తిరిగొచ్చింది. కంపలు తీశారు, బీగాలు తీశారు. ఏ ఇంట్లోనూ ఎవరికీ ఏమీ వినబడలేదన్నారు. వీధినిండా మనుషులుంటే ఎలా వినబడుతుంది?

ఈరన్నకు మాత్రం అంతా చెప్పాను. నా అబద్ధం కూడా. కొడతాడనుకున్నాను. కొట్టి ఉంటే బాగుండేది. తలుపు వెనక ఏం వినబడిందో అదొక్కటే మళ్లీ మళ్లీ అడిగాడు. ప్రతిసారీ చివర అదే అంటాడు.

"సూసొస్తానన్నాది గదన్నా. అయితే వస్తాది."

ఈ ఏడు మళ్లీ లారీలు వచ్చాయి. ఊరు మళ్లీ ఖాళీ అయింది. ఈరన్న భార్యాపిల్లల్ని పంపించి, తనొక్కడే ఉండిపోయాడు. పోయినవారం అటు పని పడి పోయాను. పొద్దు గూకుతోంది. అదే అరుగు మీద కూర్చుని ఉన్నాడు. రొట్టె పెట్టాడు. తిన్నాను. ఎదురుగా కూర్చుని చూస్తూ ఉన్నాడు, వాళ్లమ్మలాగే.

లేచాను. వస్తా అనలేదు. పోతా అని ఎలాగూ అనను. ఆ రెండు మాటలూ నా నోటికి ఇక రావు. మా ఇంట్లో కూడా ఏమీ చెప్పకుండానే గడప దాటుతున్నాను, మా ఆవిడ తిడుతోంది. చెయ్యి ఊపి, బండి తిప్పి, స్టార్టు చేయబోతున్నాను.

వెనకనుంచి ఈరన్న గొంతు. మెల్లగా, ప్రేమగా...

"మంచిదిమ్మా... రా."

ఆ మారు నాకు కాదు. నాకు ఏమీ వినబడలేదు కూడా. అతను గుమ్మం వైపు తిరిగి కూర్చుని ఉన్నాడు.

వెనక్కి చూడకుండా వచ్చేశాను. ఆమె బతికి ఉందో, ఆ మాట ఒక్కటే మిగిలిందో నాకు తెలియదు. కానీ ఆ రాత్రినుంచి మా ఇంటి వాకిట్లో లైటు ఆర్పడం లేదు. ఈరన్న రా అన్నాడు కదా మరి. ఆమె చూడాలనుకున్నది నన్ను.